దిండు లేని నిద్ర

గుండె జబ్బుల వైద్యంలోకి రాబోతున్న పిల్లలకు పనికొచ్చేలా నాలుగు మాటలు రాయమని అడిగారు. నా ఉద్యోగంలో ఎక్కిన మెట్ల గురించి రాయడానికి పెద్దగా ఏమీ లేదు. నేను ఎక్కిన మెట్లన్నీ అబిడ్స్‌లో ఒక బట్టల దుకాణం పక్కనుంచి మేడమీదికి వెళ్ళేవే. ఆ మేడమీద మా పెద్ద డాక్టరు నరసింగరావుగారి క్లినిక్. కింద వాళ్ళు గుడ్డ కొలిచేవారు, పైన మేము గుండె కొలిచేవాళ్ళం. వాళ్ళ కొలతలో తప్పొస్తే జాకెట్టు బిగుతయ్యేది. మా తప్పుల సంగతి ముందు ముందు వస్తుంది.

ఆ మెట్లే మాకు మొదటి పరీక్ష. నరసింగరావుగారు లోపల కుర్చీలో కూర్చుని, ఉర్దూ పేపరు ముఖానికి అడ్డం పెట్టుకుని, పైకి వస్తున్న అడుగుల చప్పుడు వినేవారు. "మలుపు కాడ ఆగిండు. జేబులకెళ్ళి రుమాలు తీస్తుండు, ఆయాసం కాదన్నట్టు చూపెట్టడానికి" అనేవారు. తలుపు తీసేసరికి నిజంగానే రుమాలుతో చెమట తుడుచుకుంటూ ఒక పెద్దమనిషి నిలబడి ఉండేవాడు. ఎకో యంత్రం అప్పటికి మా దాకా రాలేదు. ఎక్స్‌రే, ఇ.సి.జి., స్టెతస్కోపు, ఆ తర్వాత మెట్లు.

ఫెయిల్ అనే మాట

హార్ట్ ఫెయిల్యూర్ అనగానే రోగి ఇంట్లో ఏడుపులు మొదలవుతాయి. గుండె ఆగిపోయిందనుకుంటారు. అది ఆగిపోలేదు. పని ఎక్కువై, శక్తి తక్కువై, ఆగకుండా లాక్కొస్తోంది. ఒంటికి కావలసినంత రక్తం పంపలేక, వెనక ఒత్తిడి పెరిగి, నీరు ఊపిరితిత్తుల్లోకో కాళ్ళలోకో దిగుతుంది. దీనికి ఆ పేరు పెట్టినవాడెవరో బడిపంతులు అయివుండాలి. ఎం.బి.బి.ఎస్.లో రెండుసార్లు ఫెయిలైనవాణ్ణి కాబట్టి ఈ మాట మీద నాకు కొంత అధికారం ఉంది. ఫెయిలైనవాణ్ణి ఊరి బయట పారేయరు. కొంచెం భారం తగ్గించి, కొంచెం సాయం చేసి, మళ్ళీ కూర్చోబెడతారు. గుండెకు చేసేదీ ఇంచుమించు అంతే. రోగులకు ఈ పోలికే చెప్పేవాణ్ణి. వాళ్ళ భయం తగ్గేది. నా మీద నమ్మకం కూడా ఆ మేరకు తగ్గేది.

ఎడమ, కుడి

గుండె ఒకటే అయినా కాపురాలు రెండు. ఎడమవైపు గదులు ఊపిరితిత్తుల నుంచి మంచి రక్తాన్ని తీసుకుని ఒళ్ళంతా పంపుతాయి. కుడివైపు గదులు ఒళ్ళంతా తిరిగొచ్చిన రక్తాన్ని ఊపిరితిత్తులకు పంపుతాయి. ఎడమవైపు అలసిపోతే నీరు ఊపిరితిత్తుల్లో చేరుతుంది. మొదట మెట్లెక్కితే ఆయాసం, తర్వాత నడిస్తే ఆయాసం, చివరికి పడుకుంటే ఆయాసం. పడుకుంటే ఎందుకంటే, పగలంతా కాళ్ళలో ఉన్న నీరు ఛాతీలోకి మళ్ళుతుంది కనుక. రోగి తనకు తెలియకుండానే దిండ్లు పెంచుకుంటూ పోతాడు. నిద్రలో ఉక్కిరిబిక్కిరై లేచి కిటికీ దగ్గర కూర్చుంటాడు. దగ్గు కూడా ఉంటుంది కాబట్టి ఇంట్లోవాళ్ళు ఉబ్బసం అంటారు. కొందరు డాక్టర్లూ అదే అంటారు. అందుకే మీ రోగిని మొదట అడగవలసింది, ఎన్ని దిండ్లు వేసుకుంటున్నారని.

కుడివైపు అలసిపోతే కాళ్ళు వాస్తాయి, మెడ నరాలు ఉబ్బుతాయి, కాలేయం బరువెక్కుతుంది, రెండు ముద్దలకే కడుపు నిండిపోతుంది. దాన్ని అందరూ గ్యాస్ అంటారు. సుల్తాన్ బజార్‌లో గిన్నెల దుకాణం పెట్టుకున్న ఒకాయనకు చెప్పులు బిగుతయ్యాయి. ఆయన చెప్పులు మార్చాడు. అవీ బిగుతయ్యాయి. మళ్ళీ పెద్దవి కొన్నాడు. చెప్పులు చెబుతూనే ఉన్నాయి, ఆయనే వినలేదు. మా దగ్గరికి వచ్చేసరికి పాదం మీద వేలు పెట్టి నొక్కితే గుంట పడి అలాగే ఉండిపోయేది.

చాలామందిలో ముందు ఎడమ అలసిపోయి, దాని వెనకే కుడి కూలబడుతుంది. కారణాన్నిబట్టి చూస్తే పిండలేని గుండె ఒకటి, నిండలేని గుండె ఇంకొకటి. గుండెపోటు తర్వాత కండరం బలహీనపడితే పిండలేదు. ఏళ్ళ తరబడి రక్తపోటుతో బిరుసెక్కితే సరిగ్గా నిండలేదు. ఈ రెండోదాన్ని మా కాలంలో మేము సరిగా గుర్తించేవాళ్ళమే కాదు. ఇక చిన్నతనంలో వచ్చిన కీళ్ళ జ్వరం గుండె లోపలి కవాటాన్ని కొరికి, అది దాదాపు మూసుకుపోయి, దాని వెనక నీరు చేరడం మూడోది. మా క్లినిక్‌కు వచ్చే పడుచు ఆడవాళ్ళలో ఎక్కువగా ఇదే చూసేవాళ్ళం.

మా అమ్ములపొది

మా దగ్గర మందులు తక్కువ, మాటలు ఎక్కువ. డిజిటాలిస్ అని ఒక ఆకు నుంచి వచ్చిన మందు ఉండేది. అది గుండెకు సత్తువ ఇస్తుంది, కాస్త ఎక్కువైతే వాంతులు చేయిస్తుంది, లోకాన్ని పసుపుపచ్చగా చూపిస్తుంది, ఇంకా ఎక్కువైతే ప్రాణం తీస్తుంది. నాడి చూడకుండా ఆ మాత్ర ఇచ్చినవాణ్ణి నరసింగరావుగారు ఆ పూటకు మనిషి కింద లెక్కపెట్టేవారు కాదు. నీరు దించడానికి పాదరసం కలిసిన ఇంజెక్షన్లు ఉండేవి. అరవైల చివర కొత్త నీటిమాత్ర వచ్చింది. అది వేసుకుని ఎవరూ అబిడ్స్ నుంచి దూరం పోయే బస్సు ఎక్కకూడదని చెప్పేవాణ్ణి. నేను చెప్పింది వినకుండా ఎక్కినవాళ్ళు తర్వాత నన్ను చాలా గౌరవించారు.

ఒక్కసారిగా ఊపిరితిత్తులు నిండిపోయి, రోగి కూర్చుని గులాబీ రంగు నురగ కక్కుతూ వచ్చినప్పుడు ఆక్సిజన్, మార్ఫిన్, గుండెకు తిరిగొచ్చే రక్తం తగ్గేలా చేతులకూ కాళ్ళకూ వంతులవారీగా పట్టీలు బిగించడం. ఇప్పుడు ఆ పట్టీలు కట్టకండి. మేము ఆ రోజుల్లో గుండెకు ప్రాణాంతకమని దూరం పెట్టిన కొన్ని మందులే ఇవాళ కొద్ది కొద్దిగా ఇచ్చి ఆయుష్షు పెంచుతున్నారు. కాబట్టి పెద్దవాళ్ళు చెప్పారు కదా అని మా మందులు వాడకండి. మా తప్పులు మాత్రం బాగా వాడుకోండి.

అన్నిటికంటే పెద్ద మందు ఉప్పు తగ్గించడం. ఉప్పు ఎక్కడుంటే నీరు అక్కడ నిలుస్తుంది. ఆ సంగతి నాకు పుస్తకం చెప్పింది. సీతారామమ్మగారు నేర్పారు.

మాట ఒకటి, కాటా ఒకటి

సీతారామమ్మగారి కోడలు రాజ్యలక్ష్మి ట్రంకు టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో ఆపరేటరు. ముప్పై దాటలేదు. గుంటూరు వైపు నుంచి యాభై ఆరులో ఆఫీసులతో పాటు వచ్చిన కుటుంబం. చిన్నప్పుడు వచ్చిన కీళ్ళ జ్వరం ఆమె గుండెలో ఎడమవైపు కవాటాన్ని దాదాపు మూసుకుపోయేటట్టు చేసింది. మా దగ్గరికి వచ్చేసరికి ఉద్యోగానికి సెలవు పెట్టేసింది. గోడకు పరుపు చుట్ట ఆనించి, దానికి వీపు ఆనించి, కూర్చునే నిద్రపోయేది.

దీనికి కోత ఒకటే దారి. ఛాతీ తెరిచి, గుండెలోకి వేలు పోనిచ్చి, అతుక్కుపోయిన కవాటాన్ని విడదీసే సర్జను ఒకాయన బయటి ఊరినుంచి అప్పుడప్పుడూ వచ్చేవారు. ఆయన రాజ్యలక్ష్మిని చూసి ఒకే షరతు పెట్టారు. వానలు వెనకపట్టాక మళ్ళీ వస్తాను, అప్పటికి ఈ అమ్మాయి వెల్లకిలా పడుకోగలిగితే చేస్తాను, నీళ్ళు నిండిన ఊపిరితిత్తులకు మత్తు ఇవ్వను, అన్నారు. ఆ తర్వాత ఆయన మళ్ళీ ఎప్పుడు వస్తారో తెలియదు. అప్పటిదాకా రాజ్యలక్ష్మి ఉంటుందో లేదో అంతకన్నా తెలియదు.

నీరు దిగుతోందో లేదో చూడటానికి నరసింగరావుగారికి ఒక పద్ధతి ఉండేది. ప్రతి రోగీ వారానికోసారి నాంపల్లి స్టేషన్‌లో బరువు చూసే యంత్రం ఎక్కి, వచ్చిన అట్టముక్క తెచ్చి చూపించాలి. అప్పట్లో ఆ ముక్క మీద ఒకవైపు బరువు, రెండోవైపు జాతకం అచ్చయి ఉండేవి. రాజ్యలక్ష్మి జాతకం వారం వారం దివ్యంగా ఉండేది. బరువే దిగేది కాదు. మాత్రలు ఇస్తున్నాం, ఇంజెక్షన్ చేస్తున్నాం, వారానికోసారి ఆ యంత్రం దాకా, మా దాకా తప్ప మంచం దిగనివ్వడం లేదు. అయినా మరుసటి వారం ఇంకొంచెం పెరిగేది.

ఉప్పు తింటోందా అని అడిగాం. లేదంది. సీతారామమ్మగారిని అడిగాం. లేదన్నారు. నాలుగోసారో ఐదోసారో నరసింగరావుగారి ఓపిక అయిపోయింది. వరండా నిండా రోగులుండగా, "మాట ఒకటి చెప్తుంది, కాటా ఒకటి చెప్తుంది. అబద్ధం చెప్పనీకి కాటాకు ఏం అవసరమమ్మా?" అన్నారు.

సీతారామమ్మగారు తెల్లటి నేతచీర కొంగు భుజాల మీదుగా కప్పుకుని నిలబడి ఉన్నారు. అరవై ఏళ్ళ మనిషి. అంతమందిలో అబద్ధాలకోరు అనిపించుకోవడం ఆవిడకు బహుశా అదే మొదలు. గొంతు పెంచలేదు. "నా చేత్తో ఆ పిల్లకి ఉప్పుకల్లు పెట్టి ఉంటే ఆ చెయ్యి పడిపోనీ, బాబూ" అని కోడల్ని పట్టుకుని మెల్లిగా మెట్లు దిగిపోయారు. మలుపు దగ్గర ఆగిన చప్పుడు మా ఇద్దరికీ వినిపించింది.

వాళ్ళు వెళ్ళాక ఆయన నాతో, నోరు కట్టుకోలేనివాళ్ళకు కోత దండగ, ఆ చోటు ఇంకొక రోగికి ఇద్దాం అన్నారు. సర్జనుకు ఆ వారమే కబురు పంపాలి. కానీ మనసు ఒప్పుకోలేదేమో, "ఒకసారి నువ్వు ఇంటికి పోయి చూసి రా. ఊరగాయ జాడీ యాడ దాచిన్రో జర పట్టుకో" అన్నారు.

వంటింటి గుమ్మం

డాక్టరీ చదివి పోలీసు ఉద్యోగం వెలగబెట్టడానికి మధ్యాహ్నం వేళ నాంపల్లి స్టేషన్ వెనక సందులో వాళ్ళ కిరాయి ఇంటికి వెళ్ళాను. వెళ్ళాక తెలిసింది, ఆ ఇంట్లో వంటిల్లు మడి. కొడుకు కూడా స్నానం చేయకుండా గడప దాటడు. నల్లగొండ జిల్లా రైతు ఇంటినుంచి వచ్చిన నేను, బూట్లతో, స్టెతస్కోపుతో, జాడీలు వెతకడం జరిగే పని కాదు. ముందు గదిలో కూర్చున్నాను. కిటికీ పక్కన కుర్చీలో రాజ్యలక్ష్మి కూర్చుని ఉంది. నేనెందుకు వచ్చానో ఆ అమ్మాయికి తెలిసిపోయింది. నవ్వింది.

సీతారామమ్మగారికీ తెలిసింది. నా ముందు విస్తరి వేశారు. "కోడలు తినేదే మీకూ పెడుతున్నాను. నేను తినేదీ ఇదే. ఆ పిల్ల చప్పిడి తింటుంటే నాకు ఉప్పు ముద్ద ఎలా దిగుతుంది? తిని మీరే చెప్పండి, నాయనా."

పప్పు, దొండకాయ కూర, చారు. చప్పిడి తిండికి నోటిని సిద్ధం చేసుకుని మొదటి ముద్ద పెట్టుకున్నాను. అమృతంలా ఉంది. రెండో ముద్ద నాలిక మీదే ఆపి చూశాను.

"అమ్మా, ఇండ్ల ఉప్పు ఉన్నది" అన్నాను.

"లేదు."

"ఉన్నదమ్మా. నా తెలివి మీద నాకు నమ్మకం లేదు గానీ, నాలిక మీద ఉన్నది."

ఆవిడ లోపలికి వెళ్ళి ఒక గిన్నె తెచ్చి, నాకు తగలకుండా కొంచెం దూరంగా నేలమీద పెట్టారు. అందులో పటిక ముక్కల్లాంటి లేత ఎరుపు రాళ్ళు, కొంత దంచిన పొడి. సైంధవ లవణం. కొడుకు చేత ఉస్మాన్‌గంజ్ నుంచి ప్రత్యేకంగా తెప్పించారు. "ఏకాదశి నాడు మేము ఉప్పు ముట్టం. ఆ పూటకు దీంతోనే వండుకుంటాం. ఇది ఉప్పే అయితే ఉపవాసానికి ఎలా పనికొస్తుంది? మీరు ఉప్పు మానమన్న రోజునే ఇంట్లో ఉన్న ఉప్పంతా పనిమనిషికి ఇచ్చేశాను. పిల్ల బొత్తిగా తినడం లేదు కదా, రెండు ముద్దలు ఎక్కువ తింటుందని ఇది కాస్త ఎక్కువే వేస్తున్నాను."

ఆ వాదంలో ఎక్కడా కంత లేదు. పుట్టినప్పటినుంచీ ఉప్పు నిషేధించిన ప్రతిరోజూ ఆవిడ చేసిందే ఇప్పుడూ చేశారు. మేము నిషేధం చెప్పాం, ఆవిడ నిష్ఠగా పాటించారు. మా ఊళ్ళో గల్లుప్పు తప్ప వేరే ఉప్పు ఎరగం. నరసింగరావుగారు జన్మలో వంటింట్లోకి తొంగిచూసి ఎరగరు. మా ఇద్దరికీ తెలిసిన గుండెలో ఎన్ని గదులున్నా, ఈ ఇంటి వంటగది అందులో లేదు.

చెప్పక తప్పదు. "నాలికకు, ఉపవాసానికి రెండూ వేరే కావచ్చునమ్మా. గుండెకు మాత్రం రెండూ ఒకటే. నీళ్ళను గిదీ అట్లనే పట్టి ఉంచుతది" అన్నాను.

ఆవిడ గిన్నె వైపు చూశారు. తర్వాత చాలా మెల్లిగా, "అయితే నేనేనా పెట్టింది?" అన్నారు. కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నారు.

కిటికీ దగ్గర నుంచి రాజ్యలక్ష్మి, ఒక్కొక్క మాటకూ ఆగుతూ, "అత్తయ్యా, ఏడవకండి. మీరు ఏడిస్తే... నేనూ ఏడవాలి. నాకు... అంత ఊపిరి లేదు" అంది.

ఆవిడ ఏడుపు మానేశారు. గిన్నె తీసుకెళ్ళి పెరటి కాలువలో పోసేశారు. నేను మాత్రం విస్తరిలో ఉన్నది వదలకుండా తిన్నాను. అంత కష్టంలోనూ ఆ దొండకాయ కూర వదలబుద్ధి కాలేదని ఇప్పుడు చెప్పడానికి సిగ్గుపడటం లేదు.

చప్పిడి క్యారియర్

నేను చెప్పిందంతా విని నరసింగరావుగారు చాలాసేపు పేపరు మడతపెట్టారు. తర్వాత లేచి, టోపీ పెట్టుకుని, నన్ను వెంటేసుకుని నాంపల్లి దాకా నడిచారు. ఆ ఇంటి గుమ్మం బయటే నిలబడి, "కాటా నిజమే చెప్పింది. మీరూ నిజమే చెప్పిన్రు, అమ్మా. మాకే అడుగుడు రాలే" అన్నారు. ఆ సాయంత్రమే రాజ్యలక్ష్మిని నాంపల్లిలో మా చిన్న నర్సింగ్ హోంలో చేర్చుకున్నాం. సర్జనుకు పంపిన కబురులో ఆమె పేరే ఉంది.

తిండి ఇంటినుంచే వచ్చేది. ఉప్పు లేదు, సైంధవం లేదు, వంట సోడా లేదు, అప్పడం ముక్క లేదు. సీతారామమ్మగారు నిమ్మరసం, అల్లం, మిరియాలు, కరివేపాకు, కొత్తిమీరతో నానా అవస్థలు పడి రుచి పుట్టించేవారు. నరసింగరావుగారు తనకు కూడా అదే క్యారియర్ పంపమన్నారు. రోగుల చేత తినిపించేది ఏమిటో ముందు నాకు తెలియాలి అన్నారు. ఉప్పూకారం మానేస్తే మనిషికి కోపం తగ్గుతుందని మేమంతా ఆశపడ్డాం. ఆ వారంలో కాంపౌండరు రెండుసార్లు రాజీనామా చేశాడు. కానీ ఆ తర్వాత ఆయన ఏ రోగినీ "ఉప్పు మానిన్రా?" అని అడగగా నేను వినలేదు. "నిన్న పొద్దుగాల లేచినప్పటి సంది ఏమేం తిన్నరో చెప్పున్రి" అనేవారు. ఆ జాబితాలో ఉప్పు ఎక్కడో ఒకచోట తనంతట తానే బయటపడేది. బిస్కట్టులో, ఇడ్లీ పిండిలో, గ్యాస్ అని తాగిన సోడా ఉప్పులో.

పిల్లలూ, మీకు నేను చెప్పగలిగింది ఇదొక్కటే. రోగి మాట, కాటా మాట వేరువేరుగా ఉంటే, రోగి అబద్ధమాడుతున్నాడని ముందే తేల్చేయకండి. ఇద్దరూ నిజం చెప్పే దారి ఏదైనా ఉందేమో వెతకండి. ఆ సైంధవం రాయినే ఇప్పుడు గులాబీ ఉప్పు అని అందమైన సీసాల్లో అమ్ముతున్నారు. అందులో సోడియం రంగు చూసి మానుకోదు. ఉప్పుకు బదులని పొటాషియం కలిపి అమ్మేవీ ఉన్నాయి. కిడ్నీ బాగాలేనివాళ్ళకు, కొన్ని గుండె మందులు వాడేవాళ్ళకు అవి ఇంకో ప్రమాదం.

వెల్లకిలా

మాత్ర అదే, ఇంజెక్షన్ అదే. ఉప్పు పోయాక అవి పనిచేయడం మొదలుపెట్టాయి. కాళ్ళ వాపు తీసింది. ముఖం చిన్నదైంది. వీపు వెనక పరుపు చుట్ట పోయి దిండ్లు వచ్చాయి, దిండ్లు తగ్గాయి. కానీ ఒక దిండు దగ్గర ఆగిపోయింది. అది తీస్తే ఆమె భయంతో లేచి కూర్చునేది. ఏళ్ళ తరబడి పడుకోవడమంటే మునిగిపోవడం అయినవాళ్ళకు ఊపిరితిత్తులు ఎండినా భయం ఎండదు. సర్జను ఎల్లుండి వస్తారనగా కూడా ఆ దిండు అలాగే ఉంది.

ఆ మధ్యాహ్నం నేను కింద గదిలో ఉన్నాను. సీతారామమ్మగారు పరుగున వచ్చారు. మడిచీర కొంగు నేలమీద జీరాడుతోంది. ఎప్పుడూ ఎవరినీ తాకని మనిషి నా చొక్కా చెయ్యి పట్టుకుని లాగారు.

పైకి వెళ్ళి చూస్తే, రాజ్యలక్ష్మి మంచం మీద వెల్లకిలా పడుకుని ఉంది. దిండు కిందపడి ఉంది. చేతులు పక్కన, నోరు కొంచెం తెరిచి, కదలిక లేదు. దగ్గరికి వెళ్ళి వంగి చూశాను. పక్కటెముకలు మెల్లిగా లేస్తున్నాయి, మెల్లిగా దిగుతున్నాయి. గురక కూడా సన్నగా వినిపిస్తోంది. దిండు నిద్రలోనే జారిపోయింది, ఆ అమ్మాయికి తెలియనే లేదు. నాడి చూడబోయి ఆగాను.

"నిద్రపోతున్నదమ్మా" అన్నాను.

సీతారామమ్మగారు నమ్మలేదు. కోడలు కాపురానికి వచ్చిన నాటినుంచీ ఆమె ఇలా పడుకోగా ఆవిడ చూడలేదు. ఆవిడ చూసినంతలో అలా కాళ్ళు చాపుకుని కదలకుండా పడుకున్నవాళ్ళు ఎవరూ తిరిగి లేవలేదు. వేలు కోడలి ముక్కు దగ్గర పెట్టి, చాలాసేపు అలాగే వంగి నిలబడ్డారు. తర్వాత నేలమీద కూలబడ్డారు. నరసింగరావుగారు వచ్చి గుమ్మంలోంచే చూసి, లేపవద్దని సైగ చేసి, చెప్పులు చేతిలో పట్టుకుని వెళ్ళిపోయారు.

కోత బాగా జరిగింది. సర్జను వేలు లోపల ఉన్నది కొద్దిసేపే, తెరుచుకున్న దారి మాత్రం చాలా ఏళ్ళు పనిచేసింది. రాజ్యలక్ష్మి మళ్ళీ ఎక్స్ఛేంజిలో చేరింది. అయితే కవాటం తెరిచినంత మాత్రాన జబ్బు చెరిగిపోదు. మందులూ జాగ్రత్తలూ జీవితాంతం ఉంటాయని ఇంటికి పంపే రోజున సీతారామమ్మగారికి వివరంగా చెప్పాను. ఏ మాత్ర ఎప్పుడు, బరువు ఎప్పుడు చూడాలి, ఏం కనిపిస్తే వెంటనే రావాలి. ఆవిడ అన్నీ శ్రద్ధగా విన్నారు. కోడలు ముందుగా రిక్షా దగ్గరికి నడిచింది. ఆవిడ వెనక్కి ఆగి, ఎవరూ వినకుండా అడిగారు.

"ఇకమీద రోజూ అలాగే పడుకుంటుందా, నాయనా?"

"ఔనమ్మా. అట్లనే."

"అయితే నేనే అలవాటు పడాలి" అన్నారు ఆవిడ.